రాబందులు వెళ్ళిపోయిన ఏడాది

వెరాక్రూజ్‌లో రాబందుని ఎవరూ కొట్టరు.
కొడితే జరిమానా, మా తాతల నాటినుంచీ.
చేపల మార్కెట్ చూరు మీద
నల్లకోటు గుమాస్తాల్లా వరసగా కూర్చుని
ఊరి కుళ్ళంతా జీతం లేకుండా మోసేవి.

ఏప్రిల్లో ఓడలొచ్చాయి.
మొదటి తుపాకి పేలినప్పుడు నేను
కస్టమ్స్ గోదాములో కాఫీ మూటలు లెక్కపెడుతున్నాను.
నూట పధ్నాలుగు దగ్గర ఆగింది లెక్క.
ఇప్పటికీ అక్కడే ఉంది.

మర్నాటికల్లా ఎవరో చెప్పేశారు,
ఎర్మీలో ఉస్కాంగాకి ఇంగ్లీషు వచ్చునని.
కెప్టెన్ నా ముందు ఓ కాగితం పెట్టాడు.
వాళ్ళ అధ్యక్షుడి మాటలట, మా భాషలోకి మార్చాలట.
ఆయన ఒకప్పుడు కాలేజీ పంతులట.
చూస్తేనే తెలుస్తుంది,
ప్రతి కామా ఇస్త్రీ చేసి తగిలించినట్టుంది.

మా మీద పగ లేదట.
మా నేలలో జానెడు కూడా అక్కర్లేదట.
రాజధానిలో కుర్చీ ఎక్కి కూర్చున్న హంతకుడి మీదే కోపమట.
ఆ హంతకుడంటే మాకూ కోపమే.
నిజం చెప్పొద్దూ, చదువుతుంటే గొంతు పట్టేసింది.
ఎవరో ఒకాయన, అంత దూరాన,
మా కోసం నిద్ర మానుకున్నాడు కదా అని.

'స్నేహం' అన్న మాట అయిదుసార్లు ఉంది.
నాలుగుసార్లు రాశాను.
అయిదోసారి కలం ముంచుతుంటే
కిటికీలోంచి యూఫ్రొసీనా కనిపించింది,
చేపల బండి తోసుకుంటూ.
బండి మీద చేపలు లేవు.
గోనెపట్టా కిందనుంచి రెండు పాదాలు.
ఒకదానికే బూటు.

వాడు నసారియో. రొట్టెల బట్టీ కుర్రాడు.
పదిహేడేళ్ళు.
హంతకుడికి ఒక్కనాడూ జై కొట్టనివాడు.
ఉత్తరాన తిరగబడ్డ వాళ్ళలో కలుస్తానని
రైలు చార్జీకి పిండిడబ్బాలో చిల్లర దాచుకున్నవాడు.
డాబా మీదనుంచి ఎవరిదో పాత తుపాకి పేల్చాడట,
ఒకే ఒక్కసారి,
తన విప్లవానికి సాయం వచ్చిన వాళ్ళ మీద.

అయిదో స్నేహం దగ్గర సిరా ఒలికింది.
కెప్టెన్ మంచివాడు. కొత్త కాగితం ఇచ్చాడు.

తర్వాత ఊరు కడిగారు.
మార్కెట్ గచ్చు మీద గొట్టాలతో సముద్రపు నీళ్ళు.
మాంసానికి జాలీ, మిఠాయికి జాలీ,
ఈగ వాలితే జరిమానా,
గుమ్మం గుమ్మానికీ మూతున్న డబ్బా.
ఆ వానాకాలం జ్వరాలు తగ్గాయి, అబద్ధమాడను.
నా చిన్నకూతురు బతికింది.
ఆ కృతజ్ఞత ఎక్కడ పెట్టుకోవాలో తెలీక
జేబులోంచి జేబులోకి మార్చుకుంటూ తిరిగాను.

రాబందులు నాలుగురోజులు చూరు మీదే ఎదురుచూశాయి.
తర్వాత ఒక్కొక్కటే లేచి
ఉత్తరానికి ఎగిరిపోయాయి.
అక్కడ వాటికి పనుంది.

ఓ సాయంత్రం యూఫ్రొసీనా నా బల్ల దగ్గరికొచ్చింది.
"ఆ పంతులుగారికో ఉత్తరం రాసిపెట్టు."
చెప్పమన్నాను.
చాలాసేపు కూర్చుంది. చేతులు సబ్బు వాసనేస్తున్నాయి.
"రెండో బూటు వాళ్ళకేమైనా దొరికిందేమో కనుక్కో."
రాశాను.
ఇంగ్లీషులో మర్యాదకి ఎన్ని మాటలున్నాయో అన్నీ వాడాను.

జూలైలో హంతకుడు ఓడెక్కి పారిపోయాడు.
గెలిచినవాళ్ళు థాంక్స్ చెప్పలేదు,
మా గుమ్మంలోంచి దిగండి అన్నారు.
కడుపులో లేనిది కావలించుకుంటే వస్తుందా?
ఏమో, పంతులుగారి కడుపులో నిజంగానే ఉందేమో.
కావలింతే మా పక్కటెముకలకి పడలేదు.

నవంబర్లో ఓడలు తిరిగిపోయాయి.
డబ్బాలు మిగిలాయి. ముందు మూతలు పోయాయి.

చూరు మీద మొదటి రాబందు వాలిన పొద్దున
పిల్లలు చప్పట్లు కొట్టారు.
యూఫ్రొసీనా ఓ చేప తలకాయ విసిరి,
అది తినేదాకా ఆగి,
మెల్లిగా అడిగింది:
"ఉత్తరాన ఎలా ఉందిరా?"